నాలుగో భాగం

2022లో మా సంఘం అమ్మిన తేనె మీద 2006 నాటి ఆహార భద్రత, ప్రమాణాల చట్టం కింద కేసు నడిచింది. అది ముగిసి చాలాకాలమైంది. ఇప్పుడు రాయడానికి ఒక కారణం ఉంది. మా కొండల్లో తేనె, పసుపు, మిరియాలు, రాజ్‌మా, కాఫీ పొడి ప్యాకెట్లు కట్టి అమ్మే ఆడవాళ్ల సంఘాలు ఇప్పుడు చాలా ఉన్నాయి. వాళ్లలో ఎవరికైనా రేపు ఇలాంటి కవరు రావచ్చు. అది చేతికొచ్చిన రోజు ఏం చేయాలో మాకు తెలియదు, చెప్పేవాళ్లూ లేరు. ఊరి పేరు, కొట్టు పేరు, మేం తిరిగిన ఆఫీసుల పేర్లు రాయను. వాటితో ఇక్కడ పని లేదు.

మాది అరకు లోయకు పైన ఉన్న కొండదొరల ఊరు. సంఘంలో పన్నెండు మందిమి. నేను ఇంటర్ చదివాను కాబట్టి లెక్కలు, కాగితాలు నా పని. వేసవిలో మగవాళ్లు బండల మీద, పెద్ద చెట్ల మీద ఉన్న పట్లు దింపుతారు. మేం వడగట్టి, సీసాల్లో నింపి, లేబులు అంటిస్తాం. ఫుడ్ సేఫ్టీ రిజిస్ట్రేషన్ ఉంది. అప్పట్లో ఏడాదికి 12 లక్షల లోపు అమ్మకం ఉన్నవాళ్లకు లైసెన్సు అక్కర్లేదు, రిజిస్ట్రేషన్ చాలు. ఫీజు ఏడాదికి 100 రూపాయలు. ఆ 14 అంకెల నంబరు లేబులు మీద వేయించాం. మిగతా వివరాలన్నీ తెలుగులో ఉండేవి. సగం సరుకు ఇక్కడే టూరిస్టులకు అమ్మేవాళ్లం. సగం ఘాట్ రోడ్డు దిగి మైదానంలో ఒక టౌనులోని కిరాణా కొట్టుకు వెళ్లేది.

జులై 2022: మాకు తెలియకుండా జరిగింది

ఆ జులైలో ఫుడ్ సేఫ్టీ ఆఫీసరు కొట్టుకొచ్చి మా తేనె శాంపిల్ తీశారు. ఆ సంగతి మాకు ఆ రోజు తెలియదు. కొట్టు యజమాని చెప్పలేదు. ఆయనా భయపడ్డాడని తర్వాత తెలిసింది.

ఫుడ్ సేఫ్టీ ఆఫీసరు ఆ రోజు రూలు ప్రకారమే చేశారు. తేనెకు డబ్బులిచ్చి కొన్నారు. నోటీసు ఇచ్చారు. శాంపిల్‌ను నాలుగు భాగాలు చేసి సీలు వేశారు. ఒక భాగం ల్యాబ్‌లోని ఫుడ్ ఎనలిస్టుకు పోతుంది. రెండు భాగాలు డిజిగ్నేటెడ్ ఆఫీసరు దగ్గర ఉంటాయి. నాలుగోది మన కోసం. మనం అడిగితే దాన్ని గుర్తింపు ఉన్న వేరే ల్యాబ్‌కు పంపాలి. రెండు రిపోర్టులకూ తేడా వస్తే డిజిగ్నేటెడ్ ఆఫీసరు దగ్గరున్న భాగం రెఫరల్ ల్యాబ్‌కు పోతుంది. ఆ ల్యాబ్ చెప్పిందే చివరి మాట.

నాలుగో భాగం కావాలా అని కొట్టు యజమానిని అడిగారట. ఆయన వద్దన్నాడు. సరుకు ఆయనది కాదు, గొడవ త్వరగా తేలిపోవాలి, అంతే. సంతకం పెట్టేశాడు. మా తేనెకు సంబంధించిన మొదటి హక్కు మేం లేని చోట, మా మాట లేకుండా అలా పోయింది.

కొట్టువాడు సరుకు ఎక్కడిదో చెబితే తయారుచేసినవాళ్లకు కూడా నోటీసు పంపాలని రూల్సులో ఉంది. పంపారు. మా లేబులు అచ్చేసినప్పుడు మాది విశాఖపట్నం జిల్లా. 2022 ఏప్రిల్ 4 నుంచి అల్లూరి సీతారామరాజు జిల్లా. పాత అడ్రసుతో బయల్దేరిన ఆ కాగితం మాకు చేరనే లేదు.

అక్టోబరు: కవరు

రెండో కవరు అక్టోబరు చివర్లో చేరింది. అదీ చాలా చోట్ల తిరిగి వచ్చింది. కవరు మీద ముద్రలే ముద్రలు. పోస్టు బాబాయి దాన్ని నాకిచ్చేముందు తిప్పి చూశాడు. "ఏటమ్మా ఇది, ఎప్పుడో పంపినట్టున్నారు" అన్నాడు. మా బ్రాంచి పోస్టాఫీసు తేదీ ముద్ర వెనకవైపు మళ్లీ స్పష్టంగా పడేలా కొట్టాడు. నేను అడగలేదు. ఆ పని మాకు ఎంత ఉపయోగపడిందో ఆయనకు తర్వాత చెప్పాను. నవ్వి ఊరుకున్నాడు.

లోపల కాగితాలన్నీ ఇంగ్లీషులో ఉన్నాయి. ఒకటి ల్యాబ్ రిపోర్టు. దాని మీద తేదీ ఆగస్టులోది. కూడబలుక్కుని చదివాను. తేమ 23.4 శాతం, ఉండాల్సింది 20 లోపు. సుక్రోజ్ 6.8 శాతం, ఉండాల్సింది 5 లోపు. కాబట్టి 'సబ్‌స్టాండర్డ్'. వివరాలు ఇంగ్లీషులో గానీ హిందీలో గానీ లేవు కాబట్టి 'మిస్‌బ్రాండెడ్'. కింద సెక్షన్ల నంబర్లు.

ఆ సెక్షన్లను ఫోనులో వెతికాను. ఒకదానికి జరిమానా 5 లక్షల వరకు. ఇంకోదానికి 3 లక్షల వరకు. 'వరకు' అనే మాట ఆ రోజు నా బుర్రకెక్కలేదు. పన్నెండు మంది పుస్తెలు అమ్మినా అంత రాదు. కాళ్లు చల్లబడ్డాయి. కాగితాలు కవర్లో పెట్టి బియ్యం డబ్బాలో దాచాను. కొన్నాళ్లు ఎవరికీ చెప్పలేదు. రాత్రుళ్లు కుక్క మొరిగితే పోలీసులేమో అనుకునేదాన్ని. నా భర్త అడిగితే ఒంట్లో బాగాలేదన్నాను.

ఎక్కువగా భయపెట్టింది సుక్రోజ్. అంటే పంచదార. తేమ సంగతి అడిగితే వాన అని చెప్పగలను. పంచదార ఎక్కడి నుంచి వచ్చిందంటే ఏం చెప్పాలి? మా వాళ్లు చెట్టెక్కి తెచ్చిన తేనెలో పాకం కలిపామని కాగితం చెబుతోంది. అది నిజం కాదని నాకు తెలుసు. అయినా సందేహం వచ్చింది. ఎవరైనా కలిపి ఉంటారా అని ఒక్కొక్కరి మొహం చూసేదాన్ని. ఆ చూపు తలుచుకుంటే ఇప్పటికీ సిగ్గేస్తుంది.

నవంబరు: ఊరికి తెలిసింది

చెప్పక తప్పని రోజు వచ్చింది. కొట్టు యజమాని మిగిలిన సీసాలు అట్టపెట్టెల్లో వెనక్కి పంపేశాడు. సంతలో మాట పాకింది. 'కల్తీ తేనె' అన్నారు. ఆ మాట నమ్మడానికి జనానికి కారణం కూడా ఉంది. 2020 డిసెంబరులో ఢిల్లీలోని సీఎస్ఈ సంస్థ 13 బ్రాండ్ల తేనెను పరీక్ష చేయిస్తే అన్ని పరీక్షల్లోనూ నిలిచినవి మూడే. పెద్ద కంపెనీలే అలా ఉంటే వీళ్లెంత అన్నారు.

సంఘం కూర్చుంది. కవరు తీసి ముందు పెట్టాను. మా మామయ్య వరసాయన ఒకప్పుడు మైదానంలో నూనె కొట్టులో పనిచేశాడు. "ఆరు నెలలు జైలు, తప్పదు" అన్నాడు. ఒక వదిన అక్కడే ఏడ్చింది. రిజిస్ట్రేషన్ నా పేరు మీద ఉంది. అందరూ నన్నే చూశారు. నాకు అప్పటికి మూడేళ్ల పాప ఉంది. నేను లోపలికి పోతే పాపను ఎవరు చూస్తారని అత్తను అడిగాను. అత్త జవాబివ్వలేదు.

మామయ్య చెప్పింది అబద్ధం కాదు, పాత చట్టం. 1954 నాటి కల్తీ నిరోధక చట్టంలో చిన్న తప్పుకూ జైలు ఉండేది. సాధారణంగా కనీసం ఆరు నెలలు. 2006 చట్టం 2011 ఆగస్టు 5న అమల్లోకి వచ్చాక అది మారింది. ప్రమాదకరమైన ఆహారానికి జైలు ఉంది. నాసిరకానికి, లేబులు లోపాలకు జరిమానాయే. ఆ తేడా ఆ రోజు మాలో ఎవరికీ తెలియదు. తెలిసి ఉంటే ఆ వారం అంతా పొయ్యి ముందు కూర్చుని ఏడ్చేవాళ్లం కాదు.

దారి చూపింది అంగన్‌వాడీ టీచరు. వరసకు నాకు అక్క. ఆమె ఒకసారి న్యాయ విజ్ఞాన సదస్సుకు వెళ్లింది. ఎస్టీలకు, ఆడవాళ్లకు లాయరును ఉచితంగా ఇస్తారని అక్కడ విన్నదట. ఆదాయంతో పని లేదట. 15100కి ఫోను చేసింది కూడా ఆమే. నేను మాట్లాడలేకపోయాను. గొంతు రాలేదు.

లాయరమ్మ

న్యాయ సేవా సంస్థ ఇచ్చిన లాయరమ్మ కేసు చూసేముందు కవరు అడిగింది. కాగితాలు కాదు, కవరు. వెనక ముద్ర చూసి, "దీన్ని చింపకండి, తడపకండి, ఎవరికీ ఇవ్వకండి" అంది. జిరాక్సు తీయించి అసలుది ప్లాస్టిక్ సంచిలో పెట్టించింది.

తర్వాత మెల్లగా విడమర్చి చెప్పింది. మొదటిది, జైలు లేదు. అది విని నేను బల్ల మీద తల పెట్టుకున్నాను. రెండోది, ఎనలిస్టు రిపోర్టు చివరి మాట కాదు. దాని మీద డిజిగ్నేటెడ్ ఆఫీసరుకు అప్పీలు చేసుకోవచ్చు. ఫారం 8 అంటారు. ఆయన ఒప్పుకుంటే తన దగ్గరున్న భాగాన్ని రెఫరల్ ల్యాబ్‌కు పంపుతారు. మైసూరు సీఎఫ్‌టీఆర్‌ఐలో ఉన్నది అలాంటి ల్యాబే. మూడోది, గడువు 30 రోజులు. రిపోర్టు మన చేతికి అందిన రోజు నుంచి లెక్క. ఆఫీసు పంపిన రోజు నుంచి కాదు.

నేను బియ్యం డబ్బాలో దాచిన రోజులు కూడా ఆ ముప్పయ్యిలోవే. అప్పుడు తెలిసింది, ఇంక కొద్ది రోజులే మిగిలాయని.

ఆఫీసులో మొదట తీసుకోలేదు. ఆగస్టు రిపోర్టుకు ఇప్పుడు అప్పీలేంటి, గడువు అయిపోయింది అన్నారు. లాయరమ్మ గొంతు పెంచలేదు. కవరు చూపింది. నారాయణ ప్రసాద్ సాహు కేసులో 2021లో సుప్రీంకోర్టు చెప్పిన మాట రాతపూర్వకంగా ఇచ్చింది. రిపోర్టు పంపామంటే చాలదు, ముద్దాయికి అందినట్టు రుజువుండాలి అని కోర్టు అంది. అది పాత చట్టం కింద కేసు. కానీ రెండో పరీక్ష అడిగే అవకాశం కేసు పడినవాళ్లకు నిజంగా దొరకాలన్నది రెండు చట్టాల్లోనూ ఒకటే. చివరికి అప్పీలు తీసుకుని రసీదు ఇచ్చారు.

ఆలస్యం ఎందుకంత ముఖ్యమో చెప్పడానికి ఆమె ఇంకో పాత కేసు చెప్పింది. 1961లో ఢిల్లీలో ఘీసా రామ్ అనే వ్యాపారి దగ్గర పెరుగు శాంపిల్ తీశారు. కేసు పెట్టేసరికి నెలలు గడిచాయి. అతను రెండో పరీక్ష అడిగేసరికి పెరుగు పాడైపోయింది, ల్యాబ్ పరీక్షించలేకపోయింది. ఆ ఆలస్యం అతని హక్కును తీసేసిందని, శిక్ష నిలవదని సుప్రీంకోర్టు తేల్చింది. మా తేనెకూ అదే భయం. తేమ ఎక్కువున్న తేనె నిలవుంటే పులుస్తుంది. మా సీసా ఆఫీసు బీరువాలో ఎన్ని రోజులుంటే మాకు అంత నష్టం.

ఈ మధ్యలో ఇంకో మాట వచ్చింది. చిన్న వ్యాపారులు కొంత డబ్బు కట్టి రాజీతో కేసు మూసేసుకునే వీలు చట్టంలోనే ఉంది. లక్ష దాటకూడదు. తెలిసిన ఒకాయన, "కట్టేసి వదిలించుకోండమ్మా, మీకెందుకు ఆఫీసుల చుట్టూ తిరగడం" అన్నాడు. నాకు కట్టేయాలనే అనిపించింది. నిజం చెబుతున్నాను, ఆ రోజు ఎవరైనా డబ్బు చేతిలో పెట్టి ఉంటే కట్టేసేదాన్ని. సంఘంలో పెద్దమ్మ ఒప్పుకోలేదు. ఆమె కొడుకే పట్టు దింపేది. "డబ్బు కడితే పంచదార కలిపినట్టే కదా. నా కొడుకు తాడు మీద వేలాడి తెచ్చినాడు" అంది. సంఘం పొదుపులోంచి ప్రయాణాలకు, జిరాక్సులకు డబ్బు తీయమంది. అందరూ సరేనన్నారు. మిగిలిన తేనె గిరిజన సహకార సంస్థకు (జీసీసీ) పోసి బ్యాంకు వాయిదా కట్టాం.

మార్చి 2023: రెండో రిపోర్టు

రెఫరల్ ల్యాబ్ రిపోర్టు మార్చిలో వచ్చింది. తేమ 21.6. సుక్రోజ్ 2.9.

లాయరమ్మ ఫోనులో చదివింది. మళ్లీ చదవమన్నాను. సుక్రోజ్ 5 లోపు ఉంది. పంచదార లేదు. తేమ మాత్రం 20 దాటింది. సబ్‌స్టాండర్డ్ అన్న మాట అలాగే ఉంటుందని ఆమె చెబుతూనే ఉంది. నేను వినలేదు. పెద్దమ్మ ఇంటికి పరిగెత్తాను. ఆమెకు అంకెలు తెలియవు. "పంచదార లేదంట" అన్నాను. ఆమె కొంగుతో మొహం తుడుచుకుని, "మనకు తెలిసిందే కదా" అంది.

తేమ ఎందుకు ఎక్కువో మాకు తెలుసు. ఈగలు తేనె ముదిరాక అరలకు మైనం మూత వేస్తాయి. మూత పడని అరల్లో నీరెక్కువ. ఆ ఏడాది వానలు ముందే పడ్డాయి. పట్టు నానిపోతుందని తొందరగా దింపారు. మూత పడిన భాగం, పడని భాగం కలిపి పిండాం. మా తాతలు అలాగే చేసేవారు. వాళ్లు తాము తినడానికి తీశారు, అప్పుడు 20 శాతం లెక్క లేదు.

జూన్: పేషీ

ఏప్రిల్‌లో అడ్జుడికేటింగ్ ఆఫీసరు నుంచి నోటీసు వచ్చింది. ఈ కేసులు అదనపు జిల్లా మెజిస్ట్రేటు స్థాయికి తగ్గని అధికారి వింటారు. రాతపూర్వకంగా జవాబివ్వడానికి 30 రోజులు. లాయరమ్మ ఇంగ్లీషులో రాసి, తెలుగులో నాకు చదివి వినిపించి, ప్రతి పేజీ మీద సంతకం పెట్టించింది. తేమ సంగతి కాదనలేదు. కారణం రాసింది. లేబులు సంగతి కూడా కాదనలేదు. చట్టంలో వివరాలు ఇంగ్లీషులో గానీ, దేవనాగరి హిందీలో గానీ ఉండాలి. తెలుగు అదనంగా ఉండొచ్చు, తెలుగు ఒక్కటే ఉంటే చాలదు. అరకులో తేనె తీసి, తెలుగు జిల్లాల్లో, తెలుగు చదివేవాళ్లకు అమ్మేవాళ్లకూ అంతే. ఇలాంటిదాన్ని ముందు ఇంప్రూవ్‌మెంట్ నోటీసు ఇచ్చి సరిచేయించవచ్చని, ఆ అవకాశం మాకు రాలేదని రాసింది.

తెల్లవారుజామున బస్సెక్కాం. పెద్దమ్మ కూడా వచ్చింది. ఘాట్ రోడ్డులో నాకు వాంతులయ్యాయి. అది మలుపుల వల్ల కాదు. వరండాలో మాతోపాటు పాలు పోసేవాళ్లు, మిఠాయి కొట్టువాళ్లు ఉన్నారు. వాటర్ ప్యాకెట్ల కంపెనీ తరఫున వచ్చిన లాయరు నల్ల కోటుతో ఫైళ్ల కట్ట పట్టుకుని మధ్యలో కూర్చున్నాడు. పాలాయన పక్కన ఎవరూ లేరు. తన కాగితం తలకిందులుగా పట్టుకున్నాడు. మా అక్క ఫోను చేయకపోతే నేనూ అలాగే కూర్చునేదాన్ని.

పిలిచారు. నోరు ఎండిపోయింది. అధికారి ఫైలు తిరగేసి తెలుగులోనే అడిగారు. "పంచదార ఏమైనా కలిపారా అమ్మా?" లేదండీ అన్నాను. "మరి నీరు?" నా నోట మాట రాలేదు. లాయరమ్మ అందుకోబోయింది. ఆయన ఆపి, ఆమెనే చెప్పనివ్వండి అన్నారు. కాస్త ఆగి చెప్పాను. వాన గురించి, మూత పడని అరల గురించి. ఏం చెప్పానో సగం గుర్తులేదు. ఆయన రాసుకోవడం మాత్రం చూశాను. అవతలి ఆఫీసు తరఫున వచ్చినాయన కూడా మాట్లాడారు. ప్రజలు తినే సరుకు, ప్రమాణం అందరికీ ఒకటే అన్నారు. అందులో తప్పేమీ లేదు. తేనె పేరుతో పాకం అమ్మేవాళ్లను పట్టుకోవాల్సిందే. మా పిల్లలూ కొట్లలోనే బిస్కెట్లు కొంటారు.

ఉత్తర్వు మొదటి పేషీ నుంచి 90 రోజుల్లోపు రావాలి. ఆగస్టులో వచ్చింది. రెండు లోపాలకూ కలిపి 10,000 రూపాయల జరిమానా. ఇలాంటి కేసులో లాభం ఎంత, నష్టం ఎంత, తెలిసి చేశారా, మళ్లీ మళ్లీ చేశారా అన్నవి చూడాలని చట్టంలో ఉంది. వాటి మీద ఒక్కొక్క వాక్యం రాశారు. పంచదార కలిపినట్టు రుజువు లేదని వేరేగా రాశారు. ట్రిబ్యునల్‌కు వెళ్లడానికి 30 రోజులు ఉన్నాయని కూడా రాశారు. మేం వెళ్లలేదు. పన్నెండు మందిమి పంచుకుని చలానా కట్టాం.

మేం గెలవలేదు. మాకు జరిమానా పడింది. అది న్యాయమేనని మా సంఘంలో ఎక్కువమంది అంటారు, కొందరు అనరు. నాకైతే ఒక్కటి చాలు. మా మాట విన్నాక వేశారు. మొదటి రిపోర్టు మీదే ఆగిపోయి ఉంటే, లేదా రాజీ డబ్బు కట్టేసి ఉంటే, మా ఊరి తేనెలో పంచదార ఉందన్న మాట ఎప్పటికీ కాగితం మీద ఉండిపోయేది.

2015 ఆగస్టు 13న బొంబాయి హైకోర్టు మ్యాగీ మీద నిషేధాన్ని కొట్టేసింది. కంపెనీ వాదన వినకుండా నిషేధించారని, పరీక్షలు చేసిన ల్యాబులకు చట్టం కోరిన గుర్తింపు లేదని అంది. అంత పెద్ద కంపెనీకి వర్తించిన సూత్రమే పన్నెండు మంది కొండదొర ఆడవాళ్లకూ వర్తిస్తుంది. తేడా ఏమిటంటే వాళ్లకు ఆ సంగతి మొదటి రోజే తెలుసు.

ఆ తర్వాత

ఇప్పుడు మా దగ్గర రిఫ్రాక్టోమీటరు ఉంది. అరచేతిలో పట్టే గొట్టం లాంటిది. అద్దం మీద ఒక చుక్క తేనె వేసి, మూత మూసి, వెలుతురు వైపు పెట్టి చూడాలి. లోపల నీలం, తెలుపు కలిసే గీత ఏ అంకె మీద ఉంటే అది తేమ. పెద్దమ్మ కొడుకే చూస్తాడు. 20 దాటితే ఆ డబ్బా అమ్మకానికి పోదు, ఇళ్లలో వాడుకుంటాం. మూత పడిన అరలు వేరు, పడనివి వేరు పిండుతాం. లేబులు తెలుగు, ఇంగ్లీషు రెండింట్లో ఉంది. జిల్లా పేరు మార్చాం.

తర్వాతి వేసవిలో మా షెడ్డుకే ఫుడ్ సేఫ్టీ ఆఫీసరు వచ్చారు. వేరే ఆయన. జీపు ఆగగానే నాకు చెమటలు పట్టాయి, ఇప్పుడూ పడతాయి. నోటీసు చదివి సంతకం పెడతానన్నాను. ఆయన ఆగారు. నాలుగు సీసాలు నింపారు. ఒక్కొక్కటి మందపాటి కాగితంలో చుట్టి, కోడ్ నంబరున్న చీటీ కింది నుంచి పైదాకా అతికించారు. నా సంతకం సగం చీటీ మీద, సగం చుట్టిన కాగితం మీద పడేలా చేయించారు. చీటీ మారిస్తే సంతకం కలవదు. పురికొస కట్టి, పైన, కింద, రెండు పక్కలా లక్క కరిగించి ముద్రలు వేశారు. షెడ్డంతా లక్క వాసన. నాలుగో భాగం గుర్తింపు ఉన్న ల్యాబ్‌కు పంపమని రాసిచ్చాను. ఖర్చు మాదే. ఆయన తలెత్తి చూసి, "సరే, రాసివ్వండి" అన్నారు. ఆ ఏడాది తేమ 20 లోపే ఉంది.

మీకు ఇలాంటిది వస్తే చేయాల్సినవి కొన్ని. కవరు దాచండి, అందిన తేదీ ముద్ర చూసుకోండి. మీ సరుకు అమ్మే కొట్టువాళ్లకు ముందే చెప్పిపెట్టండి, శాంపిల్ తీస్తే ఆ రోజే ఫోను చేయమని, నాలుగో భాగం వద్దనొద్దని. లేబులు మీద అడ్రసు పాతదైతే మార్చండి. రిపోర్టు అందాక మీకున్నవి ముప్పై రోజులు. అందులో భయానికి రెండు రోజులు ఇవ్వండి, అంతకంటే ఇవ్వొద్దు. 15100కి మీరు మాట్లాడలేకపోతే పక్కన ఉన్నవాళ్లతో మాట్లాడించండి.

శాంపిల్ తీసేది మీ ముందే అయితే, సంతకం పెట్టేముందు నాలుగో భాగం అడగండి. చాలామంది ఆఫీసర్లు కోప్పడరు. కోప్పడినా అడగండి.